నిద్రపోయేవాని జేబులో చెయ్యి



తాడ్వాయి అనగానే చాలామంది మేడారం జాతరకు వెళ్ళే దారిలోని తాడ్వాయి అనుకుంటారు. అది ములుగు జిల్లాలోనిది. మాది కామారెడ్డి జిల్లా తాడ్వాయి; 2016 అక్టోబరు వరకు నిజామాబాదు జిల్లాలో ఉండేది. వరి, మక్క, సోయా పండించుకునే పల్లెలు. చాలా ఇండ్లలో తల్లి ఒడిలో బీడీల చాట ఉంటుంది, తండ్రి దుబాయిలోనో మస్కట్‌లోనో ఉంటాడు, ఆయన పంపిన ఫోను కొడుకు చేతిలో ఉంటుంది. ఈ వ్యాసము ఆ ఫోనును గూర్చి.

ఫోను ఆటల మీద మన క్రైస్తవ పత్రికలలో వ్యాసములు రానిది కాదు. కండ్లు చెడిపోతాయి, చదువు చెడిపోతుంది, ఆదివారము ఆరాధనకు ఆలస్యమవుతుంది అని వ్రాస్తూనే ఉన్నాము. అవన్నీ నిజమే, వాటిని మళ్ళీ వ్రాయను. మనము ఇంతవరకు అడగని ప్రశ్న ఒకటి ఉంది. మన పిల్లవాడు ఆటలో గెలిచినప్పుడు ఓడినవాడు ఎవరు? అతనికి పోయింది ఏమిటి?

తెలియని పెద్దల కొరకు కొంచెము వివరిస్తాను. కొన్ని ఆటలలో నేరమే వృత్తి. 2004 నుండి బ్రిటన్ నుండి నడుస్తున్న టార్న్ అనే ఆట ఉంది. దానిలో బొమ్మలు తక్కువ, అంతా అక్షరాలే. అదొక దొంగల పట్టణము. అందులో చేరినవాడు దొంగతనాలు చేస్తూ, ఇతరులతో కొట్లాడుతూ పైకి రావాలి. 2008లో ఫేస్‌బుక్‌లో మొదలై 2016లో మూతపడిన మాఫియా వార్స్ కూడా అటువంటిదే. 2013లో వచ్చిన జీటీఏ ఆన్‌లైన్‌లో కార్లు, తుపాకులు, వీధులు అన్నీ కంటికి కనబడతాయి. వీటన్నిటిలో పెద్దలు గమనించవలసిన సంగతి ఒకటే. ఎదుటివాడు యంత్రము కాదు. వాడు కూడా ఎక్కడో ఒక ఊరిలో, ఒక ఇంటిలో, మన పిల్లవానివలెనే తెర ముందు కూర్చున్న మనిషి.

కామారెడ్డిలో డిగ్రీ చదువుతున్న మా యౌవనస్థుడొకడు ఈ టార్న్ ఆటలో లాభము ఎట్లా వస్తుందో నాకు ఓపికగా చెప్పాడు. అతని మాటల్లోనే వ్రాస్తున్నాను. "ఆని దుకాణంల పెద్ద సామాను కొనాలె అయ్యగారూ. ఆడు పండుకొని ఉంటడు, సూసుకోడు. మనం ఇచ్చిన పైసలు ఆని చేతికి పోతయి గద. గప్పుడే పోయి కొట్టాలె. కొట్టినంక ఆని చేతిల ఉన్నయాట్ల కొన్ని మనకు మల్ల వస్తయి. సామాను మనదే, పైసలల్ల కొన్ని మనయే."

అర్థమైనదా? సరుకు అమ్మినవాడు పడుకున్నాడు. అతని చేతిలో డబ్బు ఉన్నదని కొన్నవానికి తెలుసు, ఎందుకంటే ఆ డబ్బు ఇచ్చినవాడు తానే. ఆ ఆటలో ఇంటి పెట్టెలోనో బ్యాంకులోనో దాచిన సొమ్ము జోలికి ఎవరూ పోలేరు. అందుచేత తెలివైన ఆటగాడు ఎదుటివాని బలమును చూడడు, ఎదుటివాడు ఏమరుపాటుగా ఉండే గడియను చూస్తాడు. జీటీఏ ఆన్‌లైన్‌లోనైతే ఒక ఫోను చేసి మరొక ఆటగాని మీదికి కిరాయి దొంగను పంపవచ్చును. ఇంకొకడు గంటల తరబడి కష్టపడి పోగుచేసిన సరుకును దారిలో పేల్చివేస్తే పేల్చినవానికి కొంత సొమ్ము దొరుకుతుంది. (సొమ్మును చేతిలో ఉంచుకోక వెంటనే దాచిపెట్టుకోవాలని ఈ ఆటలు నేర్పుతాయట. ఆ ఒక్క పాఠము మన వడ్ల డబ్బులు చేతికి వచ్చిన రోజున కొందరు తండ్రులకు కూడా అవసరమే.)

సామెతల గ్రంథము మొదటి అధ్యాయము 10 నుండి 19 వరకు తెరిచి చదవండి. అక్కడ ఒక గుంపు యౌవనస్థుని పిలుస్తుంది. పొంచి ఉందాము, దోపుడు సొమ్ముతో ఇండ్లు నింపుకుందాము, అందరికీ ఒకే సంచి ఉంటుంది అని ఆశ చూపుతుంది. టార్న్‌లో ఉన్నదీ ఆ పిలుపే. మంచి సమరయుని ఉపమానములో యెరూషలేము నుండి యెరికోకు దిగే దారి సుమారు వెయ్యి మీటర్ల దిగుడు, దొంగలు పొంచి ఉండటానికి అనువైన బండలు, మలుపులు. ఆ కథ విన్నప్పుడల్లా మనము యాజకునివలె ఉన్నామా, సమరయునివలె ఉన్నామా అని అడుగుకుంటాము. దొంగ వేషములో ఎవరున్నారని అడగము.

అయితే ఇక్కడ తొందరపడి తీర్పు తీర్చకూడదు. ఆటలో దొంగ వేషము వేయుట దొంగతనమని నేను చెప్పను. క్రిస్మసు నాటకములో హేరోదు వేషము వేసిన పిల్లవాడు హంతకుడు కాడు. కబడ్డీలో కూతకు వెళ్ళినవాడు కుడివైపు చూపించి ఎడమవైపు తన్నితే దానిని మోసమనము, నేర్పు అంటాము. పులి-మేకలో పులి మేకను తింటుంది. బరిలోకి దిగినవారందరికీ నియమము తెలుసు. సంఘములో కొందరు పెద్దలు ఫోను కనబడితేనే సాతాను పని అంటున్నారు. ఆ మాట విన్న పిల్లలు మనకు ఏమీ తెలియదని నిర్ణయించుకొని, తరువాత మనము చెప్పే సరియైన మాటను కూడా వినుట మానేస్తున్నారు.

మరి తేడా ఎక్కడ ఉంది? నాటకము ముగిసిన తరువాత హేరోదు కిరీటము అట్ట ముక్కలకే పోతుంది, ఆ పిల్లవాడు ఏమీ ఇంటికి తీసుకుపోడు. ఈ ఆటలలో దోచినది మిగిలి ఉంటుంది. మిగిలినదానిని రూపాయలకు అమ్ముకునే దారి ఎక్కడో ఒకచోట ఉంటుంది. ఆటలవారి నియమములు చాలావరకు దీనిని నిషేధిస్తాయి, అయినను జరుగుతూనే ఉంది. ఆ రూపాయి ఇంటిలోనికి వచ్చిన క్షణమున నాటకము అయిపోయినది.

రెండవ సంగతి నమ్మకమును గూర్చినది. 2003లో ఐస్‌లాండ్ కంపెనీ ఒకటి ప్రారంభించిన ఈవ్ ఆన్‌లైన్ అనే అంతరిక్ష ఆట ఉంది. 2005లో దానిలో ఒక కిరాయి ముఠా మరొక గుంపులోనికి తన మనుష్యులను స్నేహితులుగా పంపింది. వారు సుమారు ఒక సంవత్సరము ఆ గుంపుతో కలిసి పని చేసి, నమ్మకము సంపాదించి, గిడ్డంగుల తాళములు చేతికి వచ్చిన తరువాత ఒక్క రోజున నాయకురాలి ఓడను పడగొట్టి గిడ్డంగులన్నీ ఖాళీ చేశారు. ఆ సరుకు విలువ సుమారు 16,500 అమెరికా డాలర్లని అప్పట్లో లెక్క కట్టారు. ఆట నియమములను వారు మీరలేదని కంపెనీ వారిని శిక్షించలేదు. ఆటగాళ్ళలో చాలామంది దానిని గొప్ప తెలివిగా ఈనాటికీ చెప్పుకుంటారు.

నేను ఆ సంవత్సర కాలమును గూర్చి ఆలోచిస్తాను. ప్రతి సాయంత్రము పలకరింపులు, కష్టసుఖాలు, నవ్వులు ఉండి ఉంటాయి. అవతలివారికి అవి నిజమైన మాటలే. యోహాను సువార్త 12వ అధ్యాయము 6వ వచనములో యూదా దగ్గర డబ్బు సంచి ఉండెనని, అతడు దానిలోనిది తీసుకొనుచుండెనని చెప్పబడినది. సంచి అతని చేతికి ఎందుకు వచ్చింది? నమ్మారు గనుక. కబడ్డీ ఆటగాడు ఎదుటివాని కన్ను మోసము చేస్తాడు. వీరు సంవత్సరము పొడుగున ఎదుటివారి స్నేహమును మోసము చేశారు. నా దృష్టిలో ఈ రెండూ ఒకటి కావు, కంపెనీ నియమములు ఏమి చెప్పినా సరే.

ఐస్‌లాండ్ మనకు దూరమే, కాని స్నేహమును సొమ్ము చేసుకునే ఈ పద్ధతి హైదరాబాదుకు ఎప్పుడో వచ్చింది. 2020 ఆగస్టులో హైదరాబాదు సైబర్ క్రైమ్ పోలీసులు రంగులు ఊహించి పందెము కాసే ఆటల కేసులో ఒక చైనా దేశస్థుని, మరికొందరిని అరెస్టు చేశారు. సుమారు 1,100 కోట్ల రూపాయల లావాదేవీలు జరిగినవని వారు చెప్పారు. ఆ ఆటలోనికి టెలిగ్రామ్ గుంపుల ద్వారా ప్రవేశము. క్రొత్తవానిని తెచ్చినవానికి కమిషను. అంటే నా స్నేహితుడు పోగొట్టుకుంటే నాకు లాభము! 2025 మార్చిలో పంజాగుట్ట, మియాపూర్ పోలీసులు పందెపు యాప్‌లకు ప్రచారము చేశారని యూట్యూబ్ వారి మీద, సినిమా నటుల మీద కేసులు పెట్టినప్పుడు మన పిల్లలు అభిమానించే ముఖములే పేపరులో కనబడ్డాయి. 2024 అక్టోబరులో మన పాత నిజామాబాదు జిల్లాలోనే కొడుకు ఆన్‌లైన్ ఆటలలో చేసిన అప్పులు తీర్చలేక ఒక కుటుంబములో తల్లి, తండ్రి, కొడుకు ముగ్గురూ ప్రాణములు తీసుకున్నారు. దానిని గూర్చి ఎక్కువ వ్రాయలేను.

చట్టము సంగతి క్లుప్తముగా చెబుతాను. తెలంగాణ ప్రభుత్వము 2017లోనే రమ్మీ వంటి ఆటలను ఆన్‌లైన్‌లో పందెము పెట్టి ఆడుటను నిషేధించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ ఒక చట్టము చేసింది. ఆగస్టు 22న రాష్ట్రపతి ఆమోదము లభించింది. డబ్బు పెట్టి డబ్బు గెలుచుకునే ఆటలు నడిపేవారికి మూడేండ్ల వరకు జైలు, కోటి రూపాయల వరకు జరిమానా అని అందులో ఉంది. కాని పందెము లేకుండా ఆడే దొంగల ఆటను ఏ చట్టమూ ఆపదు. అక్కడ కాపలా తల్లిదండ్రులదే.

ఇప్పుడు మా మండలములోనే జరిగిన సంగతి. పేర్లు, ఊర్లు చెప్పను. ఒక అబ్బాయి రెండేండ్లు ఆడి పెంచుకున్న తన తుపాకుల ఆట ఐడీని ప్రక్క ఊరి అబ్బాయికి 1,500 రూపాయలకు అమ్మాడు. డబ్బు ఫోన్‌పేలో వచ్చింది, పాస్‌వర్డు ఇచ్చాడు. నాలుగు రోజుల తరువాత, మొదట ఐడీ తెరిచిన మెయిలు తన దగ్గరే ఉన్నది గనుక, పాస్‌వర్డు మార్చి ఐడీని వెనుకకు లాక్కున్నాడు, కొన్నవాని నంబరును బ్లాక్ చేశాడు. ఆ 1,500 కొన్నవాని తల్లి బీడీలు చుట్టి దాచుకున్నవి. ఆమె మా సంఘస్థురాలు కాకపోయినా మా గుడి గుమ్మము దగ్గరకు వచ్చి నిలబడింది. "మీ పిలగాడట గద అయ్యా" అన్నది.

నేను అబ్బాయిని పిలిపించాను. అతడు అబద్ధమాడలేదు. "అందరు గట్లనే జేస్తరు అయ్యగారూ. ఆటల గుడ గంతే గద, సోయి లేనోని కాడికెల్లి గుంజుడే" అన్నాడు. ఆ మాటలో ఆట ఎక్కడ ముగిసిందో, బ్రతుకు ఎక్కడ మొదలైందో అతనికి తెలియలేదని నాకు అర్థమైంది.

లేవీయకాండము 6వ అధ్యాయము మొదటి ఐదు వచనములు అతని చేతనే చదివించాను. పొరుగువానిని మోసపుచ్చి తీసుకున్నవాడు మూలము చెల్లించి, దానితో ఐదవ వంతు కలిపి ఇవ్వవలెను. దేవునికి అర్పణ ఆ తరువాతనే. అతడు వేళ్ళ మీద లెక్క కట్టాడు. 1,500కు ఐదవ వంతు 300. మొత్తము 1,800. తల్లిని అడగకూడదు, దుబాయిలో ఉన్న తండ్రిని అడగకూడదు అని నేనే చెప్పాను. సెలవు దినములలో మక్క కంకులు విరిచే పనికి వెళ్ళి కూడబెట్టాడు. ఇద్దరము కలిసి ఆ ఊరికి వెళ్ళాము. ఆ తల్లి 1,500 లెక్కపెట్టి తీసుకొని 300 తిరిగి అతని చేతిలో పెట్టింది. "ఎండల జేసిండు గద, ఉండనియ్యి" అన్నది. అతడు తీసుకోలేదు, ఆ నోట్లను ఆమె బీడీల చాటలో పెట్టి బయటకు వచ్చేశాడు. కొన్న అబ్బాయి మాత్రము గదిలో నుండి బయటకు రాలేదు. ఇప్పటికీ వారిద్దరికీ మాటలు లేవు.

తల్లిదండ్రులకు కొన్ని ఆచరణయోగ్యమైన సంగతులు. జీటీఏ 5ను ఫోనుకు తయారుచేయలేదు. ఫోనులో దింపుకోమని ఎవరైనా లింకు పంపితే అది ఫోనును, దానిలోని బ్యాంకు యాప్‌ను దోచుకొనుటకే. ఐరోపాలో ఆ ఆటకు 18 ఏండ్లు నిండినవారికే అని ముద్ర ఉంది, తొమ్మిదవ తరగతి పిల్లవానికి కొనిపెట్టే ముందు గుర్తుంచుకోండి. ఉచితముగా డైమండ్లు ఇస్తామని పాస్‌వర్డు అడిగేవారందరూ దొంగలే. ఇంటిలో యూపీఐ ఉన్న ఫోను, పిల్లలు ఆడే ఫోను ఒకటే అయితే పిన్ నంబరు వారికి తెలియనివ్వకండి. ఇప్పటికే తెలిసి ఉంటే ఈ రోజే మార్చండి. పిల్లలు ఐడీలు కొనుట, అమ్ముట చేస్తున్నారేమో కోపము లేకుండా అడగండి. కోపముగా అడిగితే నిజము రాదు.

డబ్బు పోయినదని తెలిసిన వెంటనే 1930కు ఫోను చేయండి. గంట లోపల చేస్తే ఆ సొమ్ము ఇంకొక ఖాతాకు మారకముందే ఆపే అవకాశము ఎక్కువ. ఫోను చేసేటప్పుడు ఏ ఖాతా నుండి పోయినదో, ఎంత పోయినదో, ఏ సమయమున పోయినదో, లావాదేవీ నంబరు ఏమిటో దగ్గర పెట్టుకోండి. చదువురాని తల్లులు సిగ్గుపడి ఊరుకోవద్దు, ఏ వేళనైనను పాస్టరుగారి ఇంటికి ఆ ఫోను తీసుకొని రండి.