తెల్లారేసరికి సగం చూపు మాయం!
నొప్పి లేదని ఊరుకుంటే రెండో కంటికీ ముప్పు

పత్తికొండ: ఆయన ఇక్కడికి దగ్గర్లోని ఓ పల్లెలో టమోటా రైతు. వయసు 58 ఏళ్లు. రెండేళ్ల కిందట కార్తీక మాసంలో ఓ రోజు తెల్లవారుజామున లేచి, పెరట్లో మొహం కడుక్కుని తువాలుతో తుడుచుకుంటున్నాడు. కుడికన్ను తువాలు చాటున ఉంది. ఎడమకంటితో చూస్తే వాకిట్లో నిలబడిన భార్య మొహం కనిపించింది. ఆమె చాచిన చేతిలోని కాఫీ గ్లాసు మాత్రం కనిపించలేదు.

"గ్లాసేదీ?" అన్నాడు.

"ఏమయ్యా, కండ్ల ముందరే పెట్టుకోని గ్లాసేదంటావు, పట్టుకో, సల్లారిపోతాంది" అందామె, వేళాకోళమనుకుని.

నొప్పి లేదు. ఎరుపు లేదు. నీరు కారలేదు. రాత్రి పడుకునేటప్పుడు బాగానే ఉన్న కన్ను లేచేసరికి సగమే పనిచేస్తోంది. పైభాగం కనబడుతోంది, కింది భాగానికి బూడిదరంగు దుప్పటి కప్పినట్టుంది. రెండు కళ్లూ తెరిస్తే పెద్దగా తేడా తెలియడం లేదు. అందుకే ఆయన ఆ రోజు టమోటాలు మార్కెట్టుకు తోలేశాడు కూడా.

"పేరు వేయొద్దు సామీ. నా మాదిరి ఇంకొకడు ఆలస్యం చేయకుండా ఉంటే చాలు" అని ఆయన ఈ విలేకరితో అన్నాడు.

తొమ్మిది రోజుల ఆలస్యం

ఆలస్యం ఎలా జరిగిందో వింటే, మన పల్లెల్లో ఎవరికైనా ఇలాగే జరుగుతుందనిపిస్తుంది. మొదటి రెండు రోజులూ "వేడి చేసింది, తగ్గుతుందిలే" అనుకున్నాడు. కంట్లో ఆముదం వేయించుకున్నాడు. మూడో రోజు మందుల షాపులో చుక్కల మందు కొన్నాడు. అయిదో రోజు ఊరి వైద్యుడు టార్చిలైటు వేసి చూసి "పొర వస్తోంది, ఆపరేషన్ చేయించుకుంటే సరి" అన్నాడు. వారంలో ఉచిత కంటి శిబిరం ఉందని తెలిసి దానికోసం ఆగాడు. శిబిరంలో డాక్టరు టార్చి వెలుతురును ఒక కంటి మీది నుంచి రెండో కంటి మీదికి మార్చి మార్చి చూశాడు. "పొరా లేదు, పాడూ లేదు. ఇది నరం సంగతి. ఈ రోజే కర్నూలు పోవాల" అని చీటీ రాసిచ్చాడు. అప్పటికి తొమ్మిది రోజులైంది.

ఊరి వైద్యుడిని తప్పుపట్టి లాభం లేదు. పెద్ద వయసువారికి చూపు తగ్గితే మనకు తట్టేది శుక్లమే. 2019 అక్టోబరులో అనంతపురంలో మొదలైన కంటివెలుగు కార్యక్రమం గాని, అంతకుముందు ఊరూరా జరిగిన శిబిరాలు గాని ప్రజలకు కళ్లద్దాల గురించి, శుక్లాల ఆపరేషన్ గురించి బాగానే నేర్పాయి. ఆ మేలు కాదనలేనిది. అయితే శుక్లం నెలలూ, ఏళ్లూ పట్టి మెల్లగా ముదిరేది. ఒక్క రాత్రిలో చూపు పోగొట్టదు. ఉన్నట్టుండి పోయిన చూపుకూ పొరకూ సంబంధం లేదని తెలిసి ఉంటే ఈ రైతు శిబిరం కోసం ఆగేవాడు కాదు.

కాలువ చివరి భూముల వంటిదే

ఇంతకూ జరిగిందేమిటి? కంట్లో పడిన బొమ్మను మెదడుకు మోసుకుపోయే నరం ఒకటుంది. దాంట్లో పది పన్నెండు లక్షల సన్నని పోగులుంటాయి. అవన్నీ కంటి వెనుక గోడలో మిల్లీమీటరున్నర వెడల్పు కూడా సరిగ్గా ఉండని రంధ్రం గుండా బయటికి పోవాలి. ఆ చోట నరానికి రక్తం అందించేవి వెంట్రుకల్లాంటి చిన్న ధమనులు. ఏ ధమని ఎంతమేరకు తడపాలో వాటికీ హద్దులున్నాయి. ఆ హద్దుల మీద ఉన్న భాగానికి ఎప్పుడూ బొటాబొటీ సరఫరాయే.

తుంగభద్ర దిగువ కాలువ చివరి ఆయకట్టు రైతులకు ఈ సంగతి విడమరిచి చెప్పనక్కర లేదు. కాలువలో నీటిమట్టం కాస్త తగ్గితే పైవాళ్లకు ఏమీ కాదు, మొదట ఎండేది చివరి మడే. రాత్రి నిద్రలో మనిషి రక్తపోటు సహజంగా తగ్గుతుంది. ఆరోగ్యవంతుడికి దాంతో ఇబ్బంది లేదు. మధుమేహంతోనో, పాత రక్తపోటుతోనో ధమనులు గట్టిపడినవారికి ఆ తగ్గుదలే చాలు, నరం మొన ఎండిపోవడానికి. రక్తం చాలక నరం వాస్తుంది. ఇరుకు రంధ్రంలో వాపు వస్తే ఎటూ జరగడానికి చోటుండదు, పోగులు ఒకదాన్నొకటి నొక్కుకుంటాయి. దాంతో ఉన్న కాస్త రక్తమూ అందదు. పుట్టుకతోనే ఈ రంధ్రం మరీ ఇరుకుగా ఉన్నవారికి ప్రమాదం ఎక్కువ. అది మన కంటికి తెలిసేది కాదు, డాక్టరు కంటిలోపల చూసి చెప్పవలసిందే.

చాలామంది నిద్ర లేవగానే చూపు పోయిందని గమనించడానికి రాత్రి రక్తపోటు పడిపోవడం ఒక కారణమని వాదించి, పరిశోధనలు చేసినవాడు మన దేశస్థుడే. పంజాబులో పుట్టి అమెరికాలో అయోవా విశ్వవిద్యాలయంలో దశాబ్దాలపాటు పనిచేసిన డాక్టర్ సోహన్ సింగ్ హైరే, కంటి నరానికి రక్తం ఏ దారిన అందుతుందో జీవితమంతా పరిశోధించాడు. ఈ జబ్బు మీద ఆయన గ్రంథం 1975లో వెలువడింది. ఆయన వాదనలో కొన్నింటితో ఏకీభవించని వైద్యులూ ఉన్నారు. అయితే రక్తపోటు మాత్రలు రాత్రిపూట ఎక్కువ మోతాదులో పడకుండా చూడటం ఇప్పుడు చాలామంది వైద్యులు పాటించే జాగ్రత్త.

మన రైతు సంగతి ఇక్కడే గుర్తుకు తెచ్చుకోవాలి. ఆయనకు రక్తపోటుకు ఉదయం ఒకటి, రాత్రి ఒకటి మాత్ర రాసి ఉంది. పొద్దున్నే తోటకు పోయే తొందరలో ఉదయం మాత్ర మరిచిపోయేవాడు. రాత్రి అన్నం తిన్నాక రెండూ కలిపి మింగేసేవాడు. ఇదే కారణమని గట్టిగా చెప్పలేమని, కాదని కూడా అనలేమని కర్నూలులో డాక్టర్లు అన్నారట. పరీక్షల్లో ఆయనకు చక్కెర జబ్బు కూడా బయటపడింది. ఎన్నేళ్లుగా ఉందో ఎవరికి తెలుసు?

తల దువ్వితే నొప్పా?

కర్నూలు ప్రాంతీయ కంటి ఆసుపత్రిలో ఆయన్ను అడిగిన మొదటి ప్రశ్నలు కంటి గురించి కావు. "తలనొప్పి ఉందా? తల దువ్వుకుంటే చర్మం నొస్తుందా? రొట్టె నమిలేటప్పుడు దవడలు లాగుతున్నాయా? జ్వరం, బరువు తగ్గడం ఉన్నాయా? భుజాలు పట్టేస్తున్నాయా?" అన్నీ లేవన్నాడు. "కండ్లకొస్తే నెత్తి దువ్వుకునేది అడుగుతారేందప్పా అనుకుంటి" అని ఇప్పుడు నవ్వుతున్నాడు.

ఆ ప్రశ్నల వెనుక పెద్ద కథే ఉంది. కంటి నరానికి రక్తం ఆగిపోవడం రెండు రకాలు. ఎక్కువమందికి వచ్చేది ఈ రైతుకు వచ్చిన రకం. రెండోది అరుదు, మరింత భయంకరం. అందులో ధమనుల గోడలే వాచి మూసుకుపోతాయి. కణతల దగ్గరి ధమనులు ఉబ్బి తాకితే నొప్పిపుడతాయి. 1890లో లండన్ వైద్యుడు జొనాథన్ హచిన్సన్, కణతల నొప్పితో టోపీ పెట్టుకోలేకపోయిన ఒక వృద్ధుడి గురించి రాశాడు. అది ఈ జబ్బే. మన దగ్గరైతే తలపాగా చుట్టుకోలేకపోతున్నానని తాత ఫిర్యాదు చేస్తాడు, ఇంట్లోవాళ్లు పట్టించుకోరు. ఇది 50 ఏళ్లు దాటినవారికే వస్తుంది. ఐరోపా ఉత్తర దేశాల్లో ఎక్కువ, మన దేశంలో తక్కువ, అయినా లేకపోలేదు.

ఈ రెండో రకంలో ఒక కన్ను పోయాక మందు వేయకపోతే రెండోది కొద్ది రోజుల్లో, వారాల్లో పోవచ్చు. అందుకే ఏ మాత్రం అనుమానం ఉన్నా వైద్యులు పరీక్షల ఫలితాల కోసం ఆగరు. వెంటనే ఎక్కువ మోతాదులో స్టెరాయిడ్ మందులు మొదలుపెడతారు. ఇ.ఎస్.ఆర్., సి.ఆర్.పి. అనే రక్త పరీక్షలు, అవసరమైతే కణత ధమని ముక్క తీసి చూడటం ఆ తర్వాత. పోయిన కన్ను చాలావరకు పోయినట్టే. ఉన్న కన్ను దక్కడం మాత్రం గంటల మీద ఆధారపడుతుంది. మన రైతుకు ఈ రకం కాకపోవడం అదృష్టం. ఆయన ఆగిన తొమ్మిది రోజులు ఈ రకంలో అయితే రెండు కళ్లకూ చాలేవి.

ఆపరేషన్‌తో నష్టమే

మొదటి రకానికి మందేమిటని అడిగితే డాక్టర్ల జవాబు నిరాశగానే ఉంటుంది. చూపును తిరిగి తెస్తుందని రుజువైన మందు ఇప్పటికీ లేదు. ఒకప్పుడు నరం చుట్టూ ఉన్న తొడుగును కోసి ఒత్తిడి తగ్గించే ఆపరేషన్ చేసేవారు. అమెరికాలో దాన్ని పద్ధతి ప్రకారం పరీక్షించి 1995లో ఫలితాలు ప్రకటించారు. ఆరు నెలలకు, ఆపరేషన్ చేసినవారిలో నూటికి 33 మందికి చూపు పట్టికలో మూడు వరుసలు మెరుగైతే, ఏమీ చేయకుండా గమనిస్తూ వచ్చినవారిలో 43 మందికి మెరుగైంది. చూపు అంతే మేర మరింత తగ్గినవారు ఆపరేషన్ వర్గంలో 24 మంది, రెండో వర్గంలో 12 మంది. దాంతో ఆ ఆపరేషన్ మూలపడింది. కొందరు వైద్యులు ఈ రకానికీ స్టెరాయిడ్లు ఇస్తారు గాని వాటి మేలు తేలలేదు. మధుమేహం ఉన్నవారికి అవి కొత్త తలనొప్పి కూడా.

ఈ లెక్కల్లోనే ఓ ఊరట ఉంది. ఏ వైద్యమూ లేకుండానే కొంతమందికి చూపు కొంత తిరిగి వస్తుంది. నరం వాపు నెలన్నర, రెండు నెలల్లో దిగిపోతుంది. ఆ తర్వాత నరం మొన పాలిపోయి కనిపిస్తుంది. అప్పటికి ఎంత చూపు మిగిలితే దాదాపు అంతే. కాబట్టి "నరానికి బలం" పేరుతో నెలల తరబడి ఇంజెక్షన్లు పొడిచి డబ్బు గుంజేవారి మాట నమ్మవద్దు.

అలాంటప్పుడు పరుగెత్తి లాభమేమిటని పాఠకులు అడగవచ్చు. ఏ రకమో డాక్టరు చూస్తే గాని తేలదు. అదొకటి. రెండోది, మొదటి రకంలో కూడా అయిదేళ్లలో నూటికి సుమారు 15 మందికి రెండో కన్ను దెబ్బతింటున్నట్టు అదే అమెరికా పరిశీలనలో తేలింది. ఆ కన్ను కోసమే రక్తపోటు, చక్కెర, కొవ్వు అదుపులో పెట్టడం, పొగ మానడం. పెద్దగా గురకపెడుతూ మధ్యలో ఊపిరి ఆగిపోయే జబ్బు ఉన్నవారికి ఈ ముప్పు ఎక్కువని తేలింది కాబట్టి ఆ సంగతి ఇంట్లోవాళ్లే డాక్టరుకు చెప్పాలి. నిద్రపోయేవాడికి తన గురక తెలియదు గదా.

మందుల మాటా ఉంది. పురుషుల బలహీనతకు వాడే సిల్డెనాఫిల్ మాత్రలపై అమెరికా ఔషధ శాఖ 2005లోనే ఈ హెచ్చరిక ముద్రింపజేసింది. మధుమేహానికి, బరువు తగ్గడానికి వాడే సెమాగ్లుటైడ్‌తో పది వేలమందిలో ఒకరి దాకా ఇది రావచ్చని ఐరోపా ఔషధ సంస్థ 2025 జూన్‌లో తేల్చింది. చాలా అరుదే. కాబట్టి వాడుతున్నవారు తమంతట తాము మానేయకూడదు. చూపులో తేడా వస్తే మాత్రం వెంటనే డాక్టరుకు చెప్పాలి.

పింఛనూ రాదు

రైతు సదరం శిబిరానికి కూడా వెళ్లి వచ్చాడు. కేంద్ర ప్రభుత్వ మార్గదర్శకాల ప్రకారం ఒక కన్ను బాగుండి రెండో కన్ను పూర్తిగా పోయినా వైకల్యం 30 శాతమే. పింఛనుకు 40 శాతం ఉండాలి. పైగా ఈయనకు కన్ను పూర్తిగా పోలేదు, కింది సగమే పోయింది. "సగం కంటికి లెక్క లేదంట" అంటాడాయన. లెక్క లేకపోయినా పని మారింది. చీకటి పడ్డాక మోటారు సైకిలు తోలడం మానేశాడు. మొదట్లో చెంబులో నీళ్లు పోసుకుంటే పక్కన పడేవి, మెట్టు దిగితే లోతు తెలిసేది కాదు. ఇప్పుడు కొంత అలవాటైంది. కాయలు ఏరే పని భార్య, కోడలు చూసుకుంటారు. బేరం ఆయనదే.

చూపు పట్టికలో ఎడమకన్ను రెండు వరుసలు మెరుగైంది. కింది దుప్పటి మాత్రం అలాగే ఉంది. మాత్రలు ఇప్పుడు డాక్టరు మార్చి రాసిన వేళకే, పొద్దున కాఫీతో, భార్య చేతి మీదుగా పడుతున్నాయి. ఆయన ఇంటి గోడకు పెద్ద అంకెల క్యాలెండరు వేలాడుతోంది. డాక్టరు చెప్పినట్టు రోజూ లేవగానే ఒక్కో కన్ను మూసి, దాని నడిమి తేదీ మీద చూపు నిలిపి, చుట్టూ ఎన్ని కనబడుతున్నాయో చూసుకుంటాడు. ఎడమకంటికి నెల సగంలోనే ఆగిపోతుంది. కుడికంటికి ముప్ఫై ఒకటి దాకా కనబడుతోంది.