రైల్వే సమ్మె నుంచి పార్లమెంటు దాకా

స్వతంత్ర భారతంలో కార్మిక సంఘాలు ఎందరో ప్రతిపక్ష నాయకులను తయారుచేశాయి. వారిలో ముందువరుసలో నిలిచే పేరు జార్జి ఫెర్నాండెజ్. మంగళూరులో 1930లో పుట్టిన ఆయన బొంబాయి చేరి టాక్సీ డ్రైవర్లను, హోటల్, మునిసిపల్ కార్మికులను సంఘటితం చేశారు. 1967లో దక్షిణ బొంబాయిలో కాంగ్రెస్ దిగ్గజం ఎస్.కె. పాటిల్‌ను ఓడించారు.

అఖిల భారత రైల్వేమెన్ ఫెడరేషన్ అధ్యక్షుడిగా 1974 మే 8న దేశవ్యాప్త రైల్వే సమ్మెకు నాయకత్వం వహించారు. బోనస్, ఇంజిన్ సిబ్బందికి 8 గంటల పనిదినం, ప్రభుత్వరంగ సంస్థలతో సమానంగా జీతాలు ప్రధాన డిమాండ్లు. సమ్మెకు ముందే ఆయన్ను అరెస్టు చేశారు. వేలాదిమందిని జైళ్లలో పెట్టారు, ఉద్యోగాల్లోంచి తీసేశారు. కుటుంబాలను క్వార్టర్ల నుంచి వెళ్లగొట్టారు. మే 27న సమ్మె విరమించారు.

మరుసటి ఏడాది ఎమర్జెన్సీ వచ్చింది. అజ్ఞాతంలోకి వెళ్లిన ఫెర్నాండెజ్ 1976 జూన్‌లో కలకత్తాలో పట్టుబడ్డారు. ఎమర్జెన్సీకి వ్యతిరేకంగా పేలుళ్లకు కుట్ర పన్నారన్న బరోడా డైనమైట్ కేసులో ఆయనే ప్రధాన నిందితుడు. 1977 ఎన్నికల్లో జైలు నుంచే బీహార్‌లోని ముజఫర్‌పూర్‌లో పోటీ చేశారు. సంకెళ్ల చేతిని పైకెత్తిన ఆయన ఫోటోయే ప్రచారమైంది. 3 లక్షలకు పైగా ఆధిక్యంతో గెలిచారు. ఆ ఎన్నికలతో అధికారంలోకి వచ్చిన జనతా పార్టీ ప్రభుత్వం కేసు ఉపసంహరించుకుంది. ఆయన కేంద్ర మంత్రి అయ్యారు.

సమ్మె ఓడినా, కార్మికుల ఆగ్రహం కాంగ్రెస్ వ్యతిరేక రాజకీయాలకు బలమిచ్చింది. రైల్వే కార్మికులు కోరిన బోనస్ 1979లో దక్కింది.