మాంసపు బిర్యాని: నీరు, నిప్పు, ఓపిక

వంట చదువు కాదని కొందరందురు. పొయ్యి యొద్ద ఒక్క పూట నిలిచి చూచినవారు ఆ మాట అనజాలరు. తూకము, కొలత, కాలము, వేడి మొదలుగా పాఠశాలలో మన పిల్లలు వేరువేరు గంటలలో నేర్చునవన్నియు వంటయింట ఒక్క గిన్నెలో కలిసి పనిచేయును. అందును మాంసము, బియ్యము కలిపి వండెడి బిర్యాని కొంచెము గట్టి పరీక్షయే. మాంసము మెత్తబడుటకు గంటసేపు పట్టును. బియ్యము ఉడుకుటకు పావుగంట చాలును. ఈ రెంటిని ఒకే గిన్నెలో ఉంచి, మాంసము గట్టిగా మిగులకుండ, అన్నము ముద్ద కాకుండ, పలుకుగా నుండకుండ దింపుటయే ఇందలి కిటుకు.

నేడు ఆదివారమున బిర్యాని పొట్లము తెచ్చుకొనుట సులభము. దానిని తప్పు పట్టుట నా ఉద్దేశము కాదు. కాని పొట్లము విప్పిన పిల్లవానికి రుచి మాత్రమే తెలియును, వంట తెలియదు. ఒక తరము చూడని పని మరుసటి తరమునకు రాదు. కావున ఈ వంటను ఇంటిలో చేయు విధమును, ప్రతి పనికి గల కారణముతో కూడ, ఇచట వివరించుచున్నాను.

బిర్యాని అను మాటకు మూలము ‘బిర్యాన్’ అను పారసీక పదము. వేయించినదని దాని యర్థము. మాంసముతో వండిన అన్నమునకు సంస్కృతమున పలాన్నమని పేరు. ‘పల’మనగా మాంసము. హైదరాబాదులో ప్రసిద్ధమైన కచ్చి బిర్యానియందు పెరుగు, మసాలా పట్టించిన పచ్చి మాంసమును అడుగున పరచి, సగముడికిన అన్నమును దానిపై పోసి, మూత బిగించి సన్నని సెగపై మగ్గింతురు. మన దక్షిణ దేశమున పలుచోట్ల పద్ధతి వేరు. ముందుగా మాంసమును కూరవలె ఉడికించి, ఆ రసములోనే బియ్యమును వండుదురు. మనకు దూరము కాని దిండుక్కల్లులో 1957లో నాగసామి నాయుడుగారు ఆనంద విలాస్ బిర్యాని హోటలును ప్రారంభించిరి. ఆయన తలపాగ ధరించుటచే ఆ వంటకు ‘తలప్పాకట్టి’ యను పేరు వచ్చినది. ఇంటి వంటకు ఈ రెండవ పద్ధతియే అనుకూలము. ఏలయనగా మాంసము ఉడికినదో లేదో ముక్క తీసి చూచుకొన్న తరువాతనే బియ్యము వేయవచ్చును.

మొదట మాంసమును గూర్చి చెప్పెదను. ఆంధ్రదేశమున మేక, పొట్టేలు మాంసమును వేటమాంసమని పలుచోట్ల పిలుతురు. ఇచటి అంగడిలో మనము ఆట్టుక్కరి అని అడుగుదుము. ఈ విషయమున మన ప్రాంతము పేదది కాదు. కన్ని ఆడు అను నల్లని మేకజాతి, వేంబూరు గొర్రె, రామనాథపురపు తెల్లగొర్రె మన విరుదునగరము జిల్లాలోను, దాని పొరుగు జిల్లాలలోను పెరుగు జాతులే. బిర్యానికి లేత జంతువు మాంసము శ్రేష్ఠము. ముక్కలు లేత ఎరుపుగాను, కొవ్వు తెల్లగాను ఉండవలెను. ఎముక లేని ముక్కలే కావలెనని పట్టుపట్టరాదు. తొడ, భుజము, పక్కటెముకల ముక్కలు కలిపి తీసికొనుడు. ఎక్కువగా కదలెడి ఆ భాగములయందు కండను పట్టియుంచు తెల్లని పొరలు మెండు. నీటితో, సన్నని సెగపై, చాలసేపు ఉడికినచో ఆ పొరలు కరగి జిగురుగా మారును. రసమునకు చిక్కదనము దానివలననే కలుగును. పెద్దమంటపై తొందరపెట్టినచో పొరలు కరగకముందే కండ బిగిసి, ముక్క రబ్బరువలె సాగును.

ఇక బియ్యము. మన ప్రాంతపు బిర్యానికి సీరగ సాంబా పేరు పొందినది. గింజ జీలకర్రవలె చిన్నదగుటచే దానికా పేరు. ఆంధ్రదేశమున పలావునకు వాడు చిట్టిముత్యాలు కూడ ఇట్టి చిన్న గింజయే. బాసుమతి గింజ పొడవుగా, విడివిడిగా నిలుచును. సీరగ సాంబా మాంసరసమును బాగుగా పీల్చుకొనును. ఏది వాడినను ముందుగా కడిగి, చిన్న గింజను 20 నిమిషములు, బాసుమతిని అరగంట నానబెట్టవలెను. నానిన గింజ లోపలికి తడి చేరియుండుటచే అది సమముగా ఉడుకును.

ఆరుగురికి కావలసినవి: మాంసము 1 కిలో, బియ్యము 3 గ్లాసులు, అనగా సుమారు 600 గ్రాములు, సాంబారు ఉల్లిపాయలు 300 గ్రాములు, టమాటాలు 2, అల్లము, వెల్లుల్లి ఒక్కొక్కటి 50 గ్రాములు, పచ్చిమిరపకాయలు 6, చిలికిన పెరుగు ముప్పావు గ్లాసు, పుదీనా, కొత్తిమీర ఒక్కొక్క గుప్పెడు, నూనె, నెయ్యి కలిపి అరగ్లాసు, కారము 2 చెంచాలు, ధనియాలపొడి 1 పెద్ద చెంచా, పసుపు అర చెంచా, నిమ్మకాయ 1, తగినంత ఉప్పు. మసాలా దినుసులు: దాల్చినచెక్క 4 చిన్న ముక్కలు, లవంగములు 6, ఏలకులు 6, అనాసపువ్వు 1, జాపత్రి ఒక రేకు, రాతిపువ్వు చిటికెడు, సోపు 1 చెంచా.

మాంసమునకు పెరుగు, పసుపు, కొంత ఉప్పు, అల్లము వెల్లుల్లి ముద్దలో సగము పట్టించి అరగంట ఉంచుడు. అంతకు మించి ఉంచదలచినచో ఫ్రిజ్జులో పెట్టవలెను. మన ఎండలకు బయట ఉంచుట క్షేమము కాదు. పెరుగులోని పులుపు మాంసమును మెత్తపరచుటకు తోడ్పడును. ముదురు మాంసమునకు పచ్చి బొప్పాయి ముద్ద ఒక చెంచా కలుపుదురు. మాంసమును విడగొట్టు గుణము దానికి కలదు. ఎక్కువైనచో ముక్క పిండివలె విరిసిపోవును.

అడుగు మందమైన గిన్నెలో నూనె, నెయ్యి కాచి, ముందు దినుసులను వేయుడు. మసాలాల పరిమళము నూనెలో కరగినంతగా నీటిలో కరగదు. కావుననే వాటిని నీటిలో గాక నేతిలో మొదట వేయవలెను. అవి చిటపటలాడిన వెంటనే ఉల్లిపాయలు వేసి బంగారు వన్నె వచ్చువరకు వేయించుడు. మిగిలిన అల్లము వెల్లుల్లి ముద్ద వేసి పచ్చివాసన పోనిండు. పిమ్మట పచ్చిమిరప, టమాటా, ఆకులు, పొడులు చేర్చి, చివరకు మాంసమును వేసి, నూనె పైకి తేలువరకు కలుపుచుండుడు. అటుపై 3 గ్లాసుల నీరు పోసి, మూత పెట్టి, సన్నని సెగపై 45 నిమిషములు మొదలు గంటవరకు ఉడికింపుడు. ప్రెషర్ కుక్కరులో నయినచో 15 లేక 20 నిమిషములు చాలును. ముక్క వ్రేళ్లతో అదిమిన విరుగవలెను. అట్లు కాక బియ్యము వేయరాదు. బియ్యము పడిన పిమ్మట మాంసము మెత్తబడునని ఆశపడుట వృథా.

ఇప్పుడు ముఖ్యమైన ఘట్టము. తొలిసారి నేనీ వంట చేసిననాడు జరిగినది చెప్పెదను. మాంసము తాను విడిచిన నీటిని లెక్కింపక, బియ్యమునకు వేరుగా నీరు కొలిచి పోసితిని. మూత తీయునప్పటికి అన్నము జావయైనది. చుట్టములందరు పంక్తిని కూర్చుండియుండిరి. మా అత్తగారు ఏమియు అనక, దానికి మాంసపు జావ అని పేరు పెట్టి, నవ్వుచు వడ్డించిరి. మరుసటి ఆదివారము నా చేతికొక గ్లాసునిచ్చి, “కన్ను మోసపోతుందమ్మా, గ్లాసు మోసపోదు” అనిరి. నాటినుండి నేను రసమును కొలువక బియ్యము వేయలేదు.

కావున ముక్కలను చిల్లుల గరిటెతో పళ్లెములోనికి తీసి, మిగిలిన రసమును అదే గ్లాసుతో కొలువుడు. నానిన సీరగ సాంబా ఒక గ్లాసునకు ఒకటిముప్పావు గ్లాసుల ద్రవము కావలెను. అనగా 3 గ్లాసుల బియ్యమునకు మొత్తము అయిదుంబావు. రసము 3 గ్లాసులున్నచో వేడినీరు రెండుంబావు చేర్చుడు. బాసుమతికైనచో ఒకటిన్నర వంతున మొత్తము నాలుగున్నర గ్లాసులు చాలును. ముక్కలను మరల వేసి, నిమ్మరసము పిండి, రుచి చూడుడు. రసము కొంచెము ఉప్పగా తోచవలెను. బియ్యము ఆ ఉప్పును తాను పంచుకొనును.

రసము తెర్లునప్పుడు నానిన బియ్యమును వడకట్టి వేసి, ఒకటి రెండుసార్లు మాత్రమే మెల్లగా కలుపుడు. పలుమారు కలిపినచో గింజ విరిగి, పిండి బయటికి వచ్చి, అన్నము ముద్దయగును. పెద్దమంటపై నీరు ఇంకి, అన్నపు పైభాగమున చిన్న చిన్న గుంతలు కనబడగనే మంట తగ్గించి, గిన్నె క్రింద ఇనుప పెనము పెట్టుడు. మూత అంచున గోధుమపిండి ముద్ద అంటించి, పైన బరువు పెట్టుడు. ఇట్లు 15 నిమిషములు మగ్గించి, మంట ఆర్పి, ఇంకొక 15 నిమిషములు మూత తీయకుండుడు. అడుగున నున్న తడి ఆవిరియై పై గింజలకు చేరుటకు ఆ వ్యవధి కావలెను. ఆకలిగొన్న పిల్లలకు ఈ పావుగంటయే కష్టమైనది! పిమ్మట అంచునుండి అట్లకాడతో మెల్లగా తిరగవేసి, పెరుగుపచ్చడితో వడ్డింపుడు.

తల్లిదండ్రులు తప్పక గమనింపవలసిన మాట ఒకటి కలదు. మిగిలిన బిర్యానిని రాత్రియంతయు బయట ఉంచి, మరునాడు పిల్లల పెట్టెలో కట్టి పంపుట అపాయకరము. బియ్యములో నుండు ఒకవిధమైన సూక్ష్మజీవుల బీజములు ఉడికినను చావవు. అన్నము గోరువెచ్చగా నిలిచియున్నచో అవి పెరిగి విషమును పుట్టించును. ఆ విషము మరల వేడిచేసినను పోదు. కావున రెండు గంటలలోపల వెడల్పు పళ్లెములో ఆరబోసి, ఫ్రిజ్జులో పెట్టి, మరునాడు పొగలు వచ్చునట్లు వేడిచేసి, ఒక్కసారియే వాడవలెను. పచ్చి మాంసము కోసిన కత్తిని, పీటను సబ్బుతో కడుగక వాటిపై కూరగాయలు కోయరాదు.

మాంసము తినని ఇండ్లవారు బంగాళాదుంపతోను, నానబెట్టి ఉడికించిన సెనగలతోను ఇదే క్రమమున వండవచ్చును. నీటి లెక్క మారదు.

చివరగా ఒక మనవి. ఈ వంట చేయునాడు పిల్లలను వంటయింటినుండి తరుమకుడు. చిన్నవానికి గ్లాసునిచ్చి బియ్యము కొలిపింపుడు. పెద్దదానికి గడియారము చూచు పని అప్పగింపుడు. అంగడి పట్టీలో మనము పట్టై, కిరాంబు, కల్పాసి అని వ్రాయుదుము. అంగడికి అవే తగిన మాటలు. ఇంట డబ్బా మూత తీయునప్పుడు మాత్రము ఇది దాల్చినచెక్క, ఇవి లవంగములు, ఇది రాతిపువ్వు అని చేతికిచ్చి వాసన చూపింపుడు. రెండు భాషల పేర్లును బిడ్డకు వచ్చును. ఒకటి రెండవదానికి అడ్డు కాదు. పుస్తకములో చదివిన మాటను మరచుట కలదు గాని, చేతికి అంటిన వాసనతో వచ్చిన మాట అంత సులభముగా పోదు. వచ్చు ఆదివారమున ఒక గ్లాసు చేతబట్టి, పిల్లలను ప్రక్కన నిలుపుకొని, ఈ వంట ప్రారంభింపుడు.