ఐదు సాళ్ల నియమం పొలం ఎందుకు చేరలేదు? విధాన రూపకల్పనలో రైతు ప్రవర్తన

బీటీ పత్తి మన దేశంలో అనుమతి పొందిన 2002 నుంచి చాలా ఏళ్లపాటు రైతు కొన్న విత్తన ప్యాకెట్‌లో రెండు సంచులు ఉండేవి. ఒకదానిలో 450 గ్రాముల బీటీ విత్తనం, రెండవ దానిలో 120 గ్రాముల బీటీయేతర విత్తనం. ఈ రెండవ విత్తనాన్ని పొలం చుట్టూ ఐదు సాళ్లలో గాని, విస్తీర్ణంలో 20 శాతంలో గాని, ఏది ఎక్కువైతే అంత మేరకు విత్తాలన్నది జన్యు ఇంజనీరింగ్ ఆమోద కమిటీ విధించిన షరతు. పల్నాడు జిల్లా పెదకూరపాడు మండలం వంటి నల్లరేగడి ప్రాంతాల్లో ఖరీఫ్ విత్తనం వేళ తిరిగిన విస్తరణ శాస్త్రవేత్తలకు ఆ చిన్న సంచి గతి ఏమిటో చెప్పనక్కరలేదు. అది గట్టు మీద ఉండిపోయేది, లేదా విప్పకుండానే ఇంటి చూరు చేరేది.

నియమం వెనుక ఉన్న శాస్త్రం గట్టిదే. బీటీ విషపదార్థాన్ని తట్టుకోగల గులాబీ రంగు పురుగులు మొదట్లో బహు అరుదు. బీటీయేతర మొక్కల మీద పెరిగిన మామూలు రెక్కల పురుగులు సమృద్ధిగా ఉంటే, ఈ అరుదైన పురుగులు వాటితోనే జతకడతాయి. నిరోధక గుణం అంతర్గతమైనది కనుక వాటి సంతానం బీటీ కాయలో బ్రతకదు. ఆశ్రయ పంట లేనిచోట నిరోధక పురుగు నిరోధక పురుగుతోనే జతకడుతుంది. గుజరాత్‌లో క్రై1ఏసీ జన్యువుకు గులాబీ రంగు పురుగు తట్టుకుంటోందని 2010లో వెల్లడైంది. కొన్నేళ్లలోనే రెండు జన్యువులు గల బోల్‌గార్డ్-2 పత్తిలో సైతం గుడ్డి పూలు, రంగు మారిన దూది కనిపించాయి. ఆంధ్రప్రదేశ్ పత్తి ప్రాంతాలూ దీనికి మినహాయింపు కాలేదు.

ఐదు సాళ్లు ఎందుకు పడలేదన్న ప్రశ్నకు మన రంగంలో సిద్ధంగా ఉన్న సమాధానం ‘అవగాహన లోపం’. నేను మార్గదర్శకత్వం వహించిన కొన్ని సిద్ధాంత గ్రంథాలు కూడా శిక్షణా కార్యక్రమాలు మరిన్ని నిర్వహించాలన్న సిఫారసుతోనే ముగిశాయి. ఆ వాక్యాన్ని దిద్దకుండా సంతకం చేసినందుకు ఇప్పుడు నొచ్చుకుంటున్నాను. ఏమంటే, రైతుకు నియమం తెలియకపోవడం ఈ వైఫల్యంలో చాలా చిన్న భాగం.

విత్తే రోజును తలచుకోండి. పదును వర్షం పడింది, రెండు మూడు రోజుల్లో గింజ భూమిలో పడాలి. అచ్చు తోలి, కూలీలను పిలిచి గింజలు నాటిస్తున్నారు. ఫలానా సాళ్లలో ఫలానా సంచి విత్తనమే వేయాలంటే ఎవరో ఒకరు దగ్గరుండి చూడాలి. ఆ శ్రమ ఈ రోజుది, ఆ సాళ్లలో పోయే దిగుబడి ఈ ఏటిది, రెండూ ఈ రైతువే. ప్రయోజనమో, నాలుగైదేళ్ల తరువాతది, ఊరందరిది. పైగా పక్క చేనువాడు వేయకుండా తానొక్కడే వేస్తే పురుగును తన ఖర్చుతో పోషించినట్లవుతుంది. వేయనివారికి జరిమానా లేదు, వేశారా అని చూసేవారూ లేరు. కౌలుదారు విషయం మరీ స్పష్టం. వచ్చే ఏడు ఆ భూమి తన చేతిలో ఉంటుందో లేదో తెలియని మనిషిని జన్యువు మన్నిక కోసం ఐదు సాళ్లు వదులుకోమంటున్నాం. ఇలాంటి స్థితిలో సంచి గట్టున మిగిలిపోవడం అజ్ఞానం కాదు. తన లెక్కలో అది సబబైన నిర్ణయమే.

ఇలా నిర్ణయం జరిగే చోటును, వేళను, దాని వెనుక ఉన్న అలవాట్లను పరిశీలించి విధానాన్ని తీర్చడమే ప్రవర్తనా శాస్త్ర పద్ధతి. డేనియల్ కానెమన్‌కు 2002లో, రిచర్డ్ థేలర్‌కు 2017లో అర్థశాస్త్ర నోబెల్ లభించిన తరువాత ఈ ఆలోచనకు ప్రభుత్వాలలో ఆదరణ పెరిగింది. బ్రిటన్ 2010లోనే ప్రత్యేక బృందాన్ని ఏర్పరచింది. మన కేంద్ర ప్రభుత్వ 2018-19 ఆర్థిక సర్వే ఒక అధ్యాయాన్నే దీనికి కేటాయించింది. వ్యవసాయ విస్తరణలో మాత్రం ఈ చర్చ ఇంకా పలుచగానే ఉంది. నిజానికి దీనికి మన పొలాల కంటే మంచి ప్రయోగశాల లేదు.

ఒకే సంచిలో రెండు విత్తనాలు

చిన్న సంచి ప్రయోజనం లేదని తేలిన తరువాత కేంద్రం పద్ధతినే మార్చింది. 2020 ఖరీఫ్ నుంచి 475 గ్రాముల ఒకే సంచిలో 5 నుంచి 10 శాతం బీటీయేతర విత్తనం కలిపి ఇస్తున్నారు. రైతు ఏమీ ప్రత్యేకంగా చేయనక్కరలేదు. మామూలుగా విత్తితే చాలు, ఆశ్రయ మొక్కలు చేనంతటా చెదరి మొలుస్తాయి. నిర్ణయం రైతు గట్టు నుంచి విత్తన శుద్ధి కర్మాగారానికి మారింది. ప్రవర్తనా శాస్త్రం ‘ముందే నిర్ణయమై ఉన్న ఎంపిక’ అని చెప్పేది సరిగ్గా ఇదే.

ఇది గులాబీ రంగు పురుగు స్వభావానికి తగిన ఉపాయం. పిల్ల పురుగు కాయలో ప్రవేశించాక పెరుగుదలంతా అక్కడే పూర్తిచేస్తుంది, మొక్క నుంచి మొక్కకు తిరగదు. శనగపచ్చ పురుగు అలా కాదు. బీటీయేతర మొక్క మీద కొంత పెరిగి బీటీ మొక్క మీదకు పాకితే, తక్కువ మోతాదు విషాన్ని తట్టుకునే అవకాశం దానికి దొరుకుతుంది. కంది ఆశ్రయంగా ఉండవచ్చునన్న వెసులుబాటుకు లోపం దీనికి తిరగబడి ఉంది. శనగపచ్చ పురుగు కంది మీద బ్రతుకుతుంది గాని గులాబీ రంగు పురుగుకు కంది ఆహారమే కాదు. అంటే ప్రవర్తనకు అనుకూలమైన విధానం కూడా పురుగు శాస్త్రానికి లోబడి ఉండవలసిందే.

చైనాలోని యాంగ్జీ లోయ అనుభవం ఇక్కడ గుర్తుచేయదగింది. అక్కడి రైతులు విత్తన ఖర్చు తగ్గుతుందని బీటీ సంకర పత్తి రెండవ తరం విత్తనం విత్తారు. జన్యు విభజన వల్ల ఆ మొక్కల్లో దాదాపు నాలుగింట ఒక వంతు బీటీ లేనివి వచ్చాయి. ఎవరూ ఆదేశించకుండానే ఆశ్రయ పంట ఏర్పడి, గులాబీ రంగు పురుగులో పెరుగుతున్న నిరోధకత వెనక్కు తగ్గిందని 2017లో ప్రచురితమైన పరిశోధన చూపింది. రైతు స్వప్రయోజనమూ సమష్టి ప్రయోజనమూ అక్కడ ఒకే గింజలో కలిశాయి.

మన దగ్గర కలిపిన సంచి వచ్చేనాటికి పురుగు ఇప్పటికే నిరోధకత సంతరించుకుంది. అనుమతి లేని, కలుపు మందును తట్టుకునే పత్తి విత్తనంలో ఆశ్రయ విత్తనం ఉంటుందన్న భరోసా ఏదీ లేదు. ఇంకొక అభ్యంతరం నాకుంది. సంచిలో ఏముందో, ఎందుకుందో రైతుకు తెలుగులో, పెద్ద అక్షరాలలో చెప్పాలి. చేనులో అక్కడక్కడా పురుగు పట్టిన మొక్కను చూసి విత్తనం నకిలీదని అతడు అనుమానపడితే తప్పు అతనిది కాదు. రైతు మేలు కోసమైనా అతనికి చెప్పకుండా చేసే ఉపాయం ఎక్కువ కాలం నిలవదు.

ధరకు ఎదురీదిన బస్తా

ప్రవర్తనా ఉపాయాలకు ఉన్న హద్దును యూరియా బస్తా చూపుతుంది. రైతు ఎరువును కిలోల్లో గాక బస్తాల్లో లెక్కిస్తాడన్నది మనకందరికీ తెలిసిన సంగతి. ఆ అలవాటునే ఆసరాగా చేసుకుని 2018 మార్చి నుంచి కేంద్రం 50 కిలోల బస్తాను 45 కిలోలకు కుదించింది. ఎకరాకు అన్నే బస్తాలు వేస్తే వాడకం దానంతట అదే తగ్గుతుందన్నది ఆశ. దేశంలో యూరియా వినియోగం 2017-18లో సుమారు 299 లక్షల టన్నులు ఉండగా, 2020-21 నాటికి సుమారు 350 లక్షల టన్నులకు చేరింది. వర్షాలు, పంటల మార్పు కూడా ఇందులో ఉన్నాయి కనుక బస్తా మార్పు ప్రభావం సున్నా అని దీన్నిబట్టి తేల్చలేం. అయితే 2010లో ఇతర ఎరువులను పోషకాధారిత రాయితీ కిందికి తెచ్చి, యూరియా ధరను మాత్రం అలాగే అట్టిపెట్టాక, ఐదు కిలోల కుదింపు ఆ ధరల తేడాతో పోరాడి నెగ్గుతుందనుకోవడం అత్యాశే. ధరే తప్పు దారి చూపుతున్నప్పుడు బస్తా కొలత దాన్ని సరిదిద్దలేదు.

కౌలుదారు సమస్యా అటువంటిదే. 2019 పంట సాగుదారుల హక్కుల చట్టం కింద కార్డు పొందాలంటే భూయజమాని సంతకం కావాలి. సంతకం పెడితే భూమి చేజారుతుందన్న యజమాని భయాన్ని పోగొట్టకుండా కౌలుదారుకు ఎన్ని సందేశాలు పంపినా కార్డు రాదు.

పత్తి కట్టె ఎప్పుడు తీయించాలి?

ఇప్పుడు మన ముందున్న అసలు పని పంటను సకాలంలో ముగించడం. జనవరి దాటి పత్తిని నిలిపితే గులాబీ రంగు పురుగు చివరి కాయల్లో, మోళ్ల మీద తరువాతి ఖరీఫ్ దాకా నిలదొక్కుకుంటుంది. ఇది మనం ఏటా చెబుతాం. రైతు ఏటా వింటాడు. కాని అప్పటికి చేను మీద ఇంకొక తీతకు సరిపడా కాయ కనిపిస్తూ ఉంటుంది. కట్టె పీకించడానికి కూలి ఖర్చు, తరువాతి పంటకు నీటి సందేహం. కనిపించే దూదిని కనిపించని పురుగు కోసం వదులుకోమనే సలహా ఐదు సాళ్ల సలహాకు తోబుట్టువే.

పశ్చిమ కెన్యాలో డుఫ్లో, క్రెమర్, రాబిన్సన్ ఎరువుల మీద చేసి 2011లో ప్రచురించిన ప్రయోగం ఇక్కడ దారి చూపుతుంది. పంట డబ్బు చేతిలో ఉన్న కోత వేళనే ఎరువుకు ముందుగా చెల్లించి, తరువాత ఉచితంగా ఇంటికి చేర్పించుకునే చిన్న అవకాశం ఇస్తే వాడకం గణనీయంగా పెరిగింది. రాయితీ పెద్దది కాదు, ఇచ్చిన వేళ సరైనది.

దీన్ని పెదకూరపాడు ప్రాంత పత్తికి అన్వయించి చూడవచ్చు. జనవరిలో ప్రచారం చేయడానికి బదులు, విత్తనం వేళనే, ఇంకా కాయ కనిపించని రోజుల్లోనే, ఒక చెలక రైతులందరూ కలిసి కట్టె ముక్కలు చేసే యంత్రానికి తేదీ ఖరారు చేసుకోవాలి. ఆ తేదీన వచ్చే యంత్రానికి బాడుగ ఉండకూడదు, తరువాత పిలిపించుకుంటే ఉండాలి. నీటి వసతి ఉన్నచోట రబీ విత్తనం కూడా అదే రోజున అందాలి. పక్కవాడూ అదే రోజున తీస్తున్నాడని ప్రతి రైతుకూ తెలియాలి. నీటి వసతి లేని చేలకు ఈ ఏర్పాటు చాలకపోవచ్చు. అక్కడ చివరి తీత విలువకు పరిహారం ఆలోచించవలసి ఉంటుంది.

విద్యార్థులు దీనిని పరిశోధనాంశంగా తీసుకోదలిస్తే ఒక సూచన. గ్రామాలను యాదృచ్ఛికంగా రెండు జట్లుగా విభజించి, ఒక జట్టుకు ఈ ఏర్పాటు, రెండవ జట్టుకు ప్రస్తుత ప్రచారం మాత్రమే అందించండి. ఫలితాన్ని అవగాహన మార్కులతో కొలవవద్దు. జనవరి చివర నిలిచి ఉన్న పత్తి విస్తీర్ణాన్ని, తరువాతి ఖరీఫ్‌లో లింగాకర్షక బుట్టలో రోజుకు పడిన రెక్కల పురుగులను, వందకు గుడ్డి పూలను లెక్కించండి. వరుసగా మూడు రోజులు బుట్టకు 8 పురుగులు, లేదా పూలలో 10 శాతం నష్టం అన్న ఆర్థిక నష్ట పరిమితిని ఏ జట్టు గ్రామాలు ఎన్ని రోజులు ఆలస్యంగా చేరుకున్నాయో నమోదు చేయండి. కౌలు చేలను సొంత చేలతో కలపకుండా విడిగా రాయండి.