మూకీ నుండి టాకీకి: షార్ల్ వానెల్ నటజీవితం

1927లో అమెరికాలో 'జాజ్ సింగర్' విడుదలైన తరువాత మూడు నాలుగు సంవత్సరాలలోనే మూకీ చిత్రాల యుగం ఐరోపాలో దాదాపు ముగిసింది. ఎందరో తారలు ఆ మార్పునకు తట్టుకొనలేక తెరమరుగైనారు. వారి కంఠం బాగుండలేదన్నదే కారణమని సాధారణంగా చెప్పుకొంటారు. అది కొంతవరకే నిజం. మూకీలో మాట లేని లోటును పూరించుటకు కొందరు కనుబొమలను, చేతులను, సమస్త దేహాన్ని అతిగా కదలించేవారు. ఆ అభినయానికి మాట కూడా తోడయ్యేసరికి ఒకే భావాన్ని రెండుమార్లు చెప్పినట్లయి, ప్రేక్షకులకు నవ్వు పుట్టించింది. ఈ చిక్కు అంతగా బాధించని కొద్దిమందిలో ఫ్రెంచి నటుడు షార్ల్ వానెల్ ఒకడు.

వానెల్ 1892లో బ్రిటనీలోని రెన్ పట్టణంలో జన్మించాడు. నావికుడు కావాలని ఆశించాడు గాని చూపు సరిగా లేక ఆ కోరిక తీరలేదు. రంగస్థలం మీదుగా 1912లో చలనచిత్రాలలో ప్రవేశించాడు. 1924లో జాక్ ద బరోంసెల్లి తీసిన 'ఐస్‌లాండు జాలరి'లో కథానాయకుడైన సముద్రజీవిగా నటించుట ఒక విధంగా ఆ కోరికకు తెర మీద లభించిన తృప్తియే. బలిష్ఠమైన దేహం, బరువైన ముఖం, నిదానమైన నడక - ఇవే ఆయన సాధనాలు. చేయి ఎత్తవలసిన చోట ఆయన కేవలం నిలబడి చూచేవాడు.

1929లో వానెల్ స్వయంగా దర్శకత్వం వహించి 'రాత్రివేళ' అనే చిత్రాన్ని నిర్మించాడు. ఇందులో కథానాయకుడు రాతిగనిలో పనిచేసే కార్మికుడు. కొత్తగా పెండ్లి అవుతుంది; అంతలో ప్రమాదంలో ముఖం వికృతమవుతుంది. నాటి నుండి ముసుగు ధరించి బ్రతుకుతాడు. భార్య మనసు క్రమంగా మరొకరి వైపు మళ్లుతుంది. చివరకు ఇదంతా కల అని తేలుతుంది. ఈ ముగింపు కథ బలాన్ని తగ్గించిందనే నా అభిప్రాయం. కాని ఆ పాత్రను ధరించినది వానెల్ కావటం గమనింపదగిన విషయం. నోటికి మాట లేని చిత్రంలో ముఖాన్ని కూడా కప్పివేసుకొన్న నటునికి ఇక మిగిలినది దేహభంగిమ ఒక్కటే. అయినను ఆ కార్మికుని వేదన మనకు తెలియుచునే ఉండును.

దురదృష్టమేమనగా, ఈ చిత్రం 1930లో ప్రదర్శనకు వచ్చేసరికి పారిస్ జనమంతా టాకీల వెంట పరుగెత్తుతున్నారు. సొంత స్టూడియోలలో శబ్దగ్రహణ యంత్రాలు చాలనందున ఫ్రెంచి నిర్మాతలు ఇంగ్లాండు వెళ్లి టాకీలు తీసిన రోజులవి. 'రాత్రివేళ'ను పట్టించుకొన్న వారు లేరు. ఆ తరువాత వానెల్ మరొక పూర్తి నిడివి చిత్రానికి దర్శకత్వం వహించలేదు. నటుడు ఏరు దాటగలిగాడు గాని, దర్శకుడు ఆవలి ఒడ్డుననే ఉండిపోయాడు.

టాకీలలో ఆయనకు ఘనకీర్తి తెచ్చినది 1934లో రేమోం బెర్నార్ తీసిన 'లే మిజెరాబ్ల్'. విక్టర్ హ్యూగో నవలను మూడు భాగాలుగా చిత్రించిన ఈ కృతిలో హారీ బోర్ జాఁ వల్జాఁ పాత్రను, వానెల్ జవేర్ పాత్రను ధరించారు. మన పాఠకులకు ఈ కథ అపరిచితం కాదు. 1950లో నాగయ్యగారు నటించిన 'బీదలపాట్లు' ఈ నవల ఆధారంగా వచ్చినదే. దాని తమిళ రూపంలో ఇన్‌స్పెక్టరు జవేర్‌గా నటించిన సీతారామన్‌కు 'జావర్' అన్నది ఇంటిపేరువలె స్థిరపడిపోయింది. వానెల్ జవేర్ గొంతు చించుకొనడు. చట్టమే తన ఊపిరియన్నట్లు అదే స్వరంతో మాట్లాడుతాడు. అందుచేతనే ఆ నమ్మకం కూలినప్పుడు మనకు భయం కలుగుతుంది.

1944లో గ్రెమియోఁ తీసిన 'ఆకాశం మీదే' చిత్రంలో ఆయన ఒక గారేజీ యజమాని. భార్య విమానంలో దూరప్రయాణ రికార్డు కోసం బయలుదేరి వెళ్లింది, కబురు లేదు. ఊరివారు అతనిని నిందిస్తారు. ఆ ఘట్టాలలో సంభాషణల కన్న నిరీక్షణమే ప్రధానం.

1953లో క్లూజో తీసిన 'భయానికి కూలి'లో నైట్రోగ్లిజరిన్ లారీపై ప్రయాణించే జో పాత్ర మొదట జాఁ గబాఁకు వచ్చింది. పిరికివానిగా తనను ప్రేక్షకులు అంగీకరించరని ఆయన నిరాకరించాడట. అరవయ్యేండ్ల వానెల్ వెనుదీయలేదు. బింకంగా ప్రవేశించిన ఆ రౌడీ క్రమక్రమంగా వణకిపోవుట, చమురు మడుగులో లారీ క్రింద కాలు నలిగి పడియుండుట మరపురానివి. ఆ సంవత్సరం కాన్ ఉత్సవంలో చిత్రానికి అత్యున్నత బహుమానం, ఆయన నటనకు ప్రత్యేక ప్రశంస లభించాయి.

ఇక 1955లో హిచ్‌కాక్ తీసిన 'టు క్యాచ్ ఎ థీఫ్'లో ఒక విచిత్రం జరిగింది. వానెల్‌కు ఇంగ్లీషు రానందున ఆయన సంభాషణలను వేరొకరు పలికారు. పాతికేండ్లు టాకీలలో మాట్లాడిన నటుడు మళ్లీ మూకీ నటుడైనాడన్న మాట!

1981లో రోసీ తీసిన 'ముగ్గురు సోదరులు'లో భార్యను పోగొట్టుకొని, కొడుకులకు తంతులు పంపే ఇటాలియను రైతుగా ఆయన కనిపిస్తాడు. 1988 వరకు నటిస్తూనే ఉండి, 1989లో తొంబదియారవ ఏట కన్నుమూశాడు. ఆ తరువాత మరచిపోయిన 'రాత్రివేళ' మళ్లీ వెలుగులోనికి వచ్చింది. దర్శకుడు బెర్త్రాం తవెర్నియే కోరికపై క్లారినెట్ విద్వాంసుడు లూయీ స్క్లావీ దానికి కొత్తగా సంగీతం సమకూర్చాడు. ఆ సంగీతం 2002లో ఆల్బంగా వెలువడింది.