కత్తెర ఆగిన చోటు

2023 ఫిబ్రవరి 2న దర్శకుడు కె. విశ్వనాథ్ కన్నుమూశారు. ఆయన ‘శంకరాభరణం’ విడుదలైందీ సరిగ్గా 43 ఏళ్ల కిందట అదే తేదీన. మూడు వారాలైనా తిరక్కముందే, 21న, బెంగళూరులో జి.జి. కృష్ణారావు పోయారు. మొదటి కబురుకు తెలుగు ఇళ్లన్నీ కదిలిపోయాయి. రెండోది విని ‘ఎవరాయన?’ అనుకున్నవాళ్లే ఎక్కువ.

‘శంకరాభరణం’, ‘సప్తపది’, ‘సాగరసంగమం’, ‘స్వాతిముత్యం’, ‘స్వర్ణకమలం’, ‘ఆపద్బాంధవుడు’, ‘శుభసంకల్పం’... విశ్వనాథ్ తీసిన వీటన్నిటికీ ఎడిటర్ కృష్ణారావే.

‘సాగరసంగమం’లో పత్రికాఫీసు సన్నివేశం గుర్తుందా? తన నాట్యాన్ని విమర్శించాడని నర్తకి శైలజ వర్గం మండిపడితే, కమల్ హాసన్ వేసిన తాగుబోతు విమర్శకుడు బాలు ఆ బల్లల మధ్యే లేచి, ఒకే సాహిత్యాన్ని భరతనాట్యంలో, కథక్‌లో, కథాకళిలో ఆడి చూపిస్తాడు. గజ్జెల్లేవు, వేషం లేదు. ఇలాంటి చోట ఎడిటర్‌కు చెయ్యి దురద పెడుతుంది: పాదం మీదికో కట్, కళ్ల మీదికో కట్, చూస్తున్నవాళ్ల ముఖాల మీదికి నాలుగు. అలా ముక్కలు చేస్తే ఆడినవాడు కమల్ హాసన్ కాకపోయినా నడిచిపోతుంది. ఇక్కడ మనిషి నిలువెల్లా కనపడాలి, అడుగు ఎక్కడ పడిందో చూపు అక్కడే ఉండాలి. ఆ సంయమనం కృష్ణారావుది. ఆ సినిమాకు ఆయనకు నంది వచ్చింది. ‘సప్తపది’కీ, ‘శుభసంకల్పా’నికీ కూడా.

అప్పటి పని కంప్యూటర్ మీద కాదు. సెకనుకు 24 ఫ్రేములు, అడుగుకు 16. రెండున్నర గంటల బొమ్మంటే పదమూడున్నర వేల అడుగుల ఫిల్ము. బొమ్మ ఒక రీలు, శబ్దం ఇంకో రీలు. రెంటినీ మూవియోలా అనే ఎడిటింగ్ యంత్రం మీద పక్కపక్కన నడిపి, క్లాప్ పడిన ఫ్రేము దగ్గర జత కలిపి, అక్కర్లేనిది కోసి, మిగిలింది అతికించాలి. మనసు మారితే అతుకు విప్పి, పక్కన వేలాడదీసిన ముక్కల్లో పాతదాన్ని వెతుక్కోవాలి.

ఆ పనితనానికి అసలు పరీక్ష ‘శంకరాభరణం’. శంకరశాస్త్రిగా వేసిన జె.వి. సోమయాజులు డిప్యూటీ కలెక్టరు, నాటకాల మనిషి, గాయకుడు కాదు. గొంతు బాలసుబ్రహ్మణ్యానిది. మామూలు పాటలో పెదవి ఒక ఫ్రేము అటూ ఇటూ అయినా ఎవరూ పట్టించుకోరు. స్వరకల్పనలో అలా కుదరదు. గమకం ఒకచోట, గొంతు కదలిక ఇంకోచోట కనిపిస్తే శాస్త్రిగారు వేషగాడైపోతారు. పైగా విశ్వనాథ్ వాహినీ స్టూడియోలో సౌండ్ విభాగం నుంచి వచ్చిన మనిషి, శబ్దంలో తేడా ఆయన చెవి దాటిపోదు. సోమయాజులు నిజంగానే పాడారని నమ్మినవాళ్లు ఇప్పటికీ ఉన్నారంటే, అందులో నటుడి సాధన ఎంతో, ఎడిటింగ్ బల్ల దగ్గర ఫ్రేము ఫ్రేముకీ పడ్డ యాతన కూడా అంతే. ఆ సినిమాకు జాతీయ పురస్కారాలు నాలుగు: వినోదాత్మక చిత్రంగా స్వర్ణకమలం, కె.వి. మహదేవన్‌కు, బాలసుబ్రహ్మణ్యానికి, వాణీ జయరామ్‌కు తలా ఒకటి. ఎడిటింగ్ ఆ జాబితాలో లేదు.

ఇంతకాలం ఆయన పేరు మనకెందుకు పట్టలేదు? కథ నెమ్మదిగా, ఒద్దికగా సాగితే అది దర్శకుడి స్వభావం అనుకుంటాం. నిజమే, కాని సగమే. చేతికొచ్చిన రషెస్‌లో, అంటే ఇంకా కోయని ఫిల్ములో, నెమ్మది ఉండదు, సాగదీత మాత్రమే ఉంటుంది. ఆ సాగదీతలో ఎంత తీసేస్తే నిదానం మిగులుతుందో తేల్చేది ఎడిటరు. వేగంగా కోసిన సినిమాలో ఎడిటింగ్ ‘అదిరింది’ అంటాం. ‘సాగరసంగమం’ చూసి ఎవరూ ఆ మాటనరు. నా మటుకు నాకు అదే కష్టమైన విద్య.

కాలం మారి, మూవియోలాలు మూలపడ్డాయి. 2011లో బాపు తన చివరి చిత్రం ‘శ్రీరామరాజ్యం’ తీశారు. ‘శంకరాభరణం’ నుంచి లెక్కేస్తే 31 ఏళ్లు. దానికీ ఎడిటర్ జి.జి. కృష్ణారావే.