కలలే కప్పం!

తెల్లవారుజామున వచ్చిన కల నిజమవుతుందంటారు. పీడకల వస్తే లేచి కాళ్లూ మొహం కడుక్కుని, దేవుడికి దణ్ణం పెట్టుకుని పడుకోమంటారు ఇంట్లో పెద్దవాళ్లు. అంతకుమించి, వచ్చిన కలని ఏం చేసుకోవాలో మనకి తెలీదు. పొద్దున్నే పాలు పొంగకుండా చూసుకునేసరికే సగం మరిచిపోతాం కూడా.

గుజారే నగరంలో అలా కాదు. అక్కడ కలని వృథా పోనివ్వరు. పట్టుకెళ్లి గుడిలో ఇచ్చేస్తారు!

ఈ గుజారే ఎక్కడుందో అని పిల్లల అట్లాసు తిరగేయకండి. అమెరికన్ రచయిత్రి ఎన్.కె. జెమిసిన్ ఊహలో పుట్టిన ఊరది. 2012లో నెల తేడాతో వెలువడిన ‘ది కిల్లింగ్ మూన్’, ‘ది షాడోడ్ సన్’ నవలలు రెండూ ఆ ఊరి కథే. ప్రాచీన ఈజిప్టుని గుర్తుచేసే నగరం. ఏటా పొంగే నది. నిద్రకీ కలలకీ అధిదేవత హనంజా. ఆమె గుడి పేరు హెటావా. ఆ గుడి గోడల వెనక ఏం జరుగుతుందో ఊరికి తెలిసింది కొంతే.

గుడివాళ్ల విద్య ఏమిటంటే, కలల నుంచి నాలుగు రకాల రసాలు తీయడం. పీడకలల రసంతో ఒంట్లో లేచిన అక్కర్లేని గడ్డల్ని కరిగిస్తారు. శృంగార స్వప్నాల రసం పోయిన కండని తిరిగి పెంచుతుంది. తలాతోకా లేని మామూలు కలలకీ ఓ ఉపయోగం ఉంది. అవి దెబ్బతిన్న శరీరాన్ని బాగు చేయడానికి పనికొస్తాయి. నాలుగోది మాత్రం ప్రాణం పోయే క్షణంలోనే దొరుకుతుంది. కల్లోలంలో ఉన్న మనసుని శాంతపరిచేది అదే. ఊరివాళ్లు దేవతకి చెల్లించే కప్పం కూడా డబ్బు కాదు, కలలే.

ఈ నాలుగో రసాన్ని తెచ్చేవాళ్లని ‘గేదరర్లు’ అంటారు. సేకరించేవాళ్లన్నమాట. రాత్రిపూట కప్పుల మీదుగా చప్పుడు లేకుండా వచ్చి, నిద్రపోతున్న మనిషి కనురెప్పల మీద వేళ్లు ఆనిస్తారు. ఆ మనిషికి నచ్చే చక్కని కలని అల్లి, అందులో హాయిగా వదిలిపెట్టి, ప్రాణం తీసుకుపోతారు. మంచాన పడి నరకం అనుభవిస్తున్నవాళ్లు వీళ్లని కోరి పిలిపించుకుంటారు. అక్కడివరకూ మనకీ అభ్యంతరం ఉండకపోవచ్చు. కానీ గుడి పెద్దలు ఎవరినైనా ‘చెడిపోయారు’ అని తేలిస్తే వాళ్ల దగ్గరికీ ఇదే గేదరరు వస్తాడు. వాళ్ల మాట వినేదెవరు?

మొదటి నవలకి మూలం ఆ ప్రశ్నే. పొరుగు రాజ్యం కిసువా నుంచి వచ్చిన రాయబారి సునంది (పేరు వింటే మన పక్కింటమ్మాయిలా లేదూ!) చెడిపోయిందని గుడి తీర్మానిస్తుంది. ఆమె కోసం వచ్చిన ఎహిరు నిజంగా భక్తుడు. తను చేసేది పుణ్యకార్యమనే నమ్ముతాడు. సునంది మేలుకుని ఉంది, మాట్లాడింది, అతనికి అనుమానం పుట్టించింది. తనని పంపినవాళ్లు ఎవరి మేలు కోసం పంపారని మొదటిసారి ఆలోచించుకుంటాడు. అంతకుముందు అతను తీసిన ప్రాణాల మాటేమిటి మరి? నన్నడిగితే మొత్తం పుస్తకంలో గుండె బరువెక్కే చోటు అదే.

జెమిసిన్ గాల్లోంచి అల్లిన కథ కాదిది. 1972లో పుట్టిన ఆవిడ చదువుకున్నది సైకాలజీ, చాలాకాలం చేసింది కౌన్సెలర్ ఉద్యోగం. ఇక ఈజిప్టువాళ్ల కలల పిచ్చి చరిత్రలో ఉన్నదే. రాజుల సమాధులు కట్టిన పనివాళ్ల ఊరు దెయిర్ ఎల్-మదీనాలో దొరికిన ఓ కలల పుస్తకం, మూడువేల ఏళ్లు దాటినది, ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. ఏ కల మంచిది, ఏది చెడ్డదీ అందులో వరసగా రాసిపెట్టారు. చెడు అనే మాటకి ఎర్రసిరా వాడారు. పీడకల వస్తే ఐసిస్ దేవతని తలుచుకుంటూ మొహానికి రొట్టె రుద్దుకోమని చిట్కా కూడా ఉంది! తమాషా ఏమిటంటే, ఆ జాబితా అంతా ‘మగవాడు కలలో తనని ఇలా చూసుకుంటే’ అనే సాగుతుంది. ఆడవాళ్లకి కలలు రాలేదో, వస్తే అడిగిన నాథుడు లేడో.

రెండో నవల చదువుతుంటే నాకు ఈ సంగతే గుర్తొచ్చింది. అందులో కథానాయిక హనానీ, రైతుబిడ్డ. హెటావాలో కలలతో వైద్యం నేర్చుకున్న మొట్టమొదటి ఆడపిల్ల. గుజారేలో స్త్రీని దేవత అంటారు. దేవతలకి కొలువెందుకని అంతవరకూ గుడిలో చేరనివ్వలేదు. (ఈ తర్కం ఎక్కడో విన్నట్టు లేదూ?) చేర్చుకున్నాక కూడా ఆమె మగవేషంలోనే తిరగాలి. ఆమె దగ్గర పనిచేసే పిల్లవాడొకడు కలల్లోనే చచ్చిపోతే, ముందు వేలు చూపించింది ఆమెనే. ఆమెని వైద్యం చేయొద్దన్నారు.

తప్పు ఆమెది కాదు. ఊళ్లో ఓ పీడకల అంటువ్యాధిలా పాకుతోంది. దాని మూలం వెతుక్కుంటూ పోతే ఓ పెద్దింటి తలుపు దగ్గర ఆగుతాం. ఆ ఇంట్లో తియానెట్ అనే అమ్మాయిని సొంత తండ్రే చెరుస్తున్నాడు. బయటికి మాత్రం గౌరవనీయుడు, నలుగురూ నమస్కరించే మనిషి. ఊరందరి కలలూ పోగేసిన గుడికి ఆ ఒక్క ఇంటి రాత్రులు తెలియలేదు. పీడకలకీ ఆ ఇంటికీ ముడి ఏమిటో ఇక్కడ చెప్పేస్తే మీరు నన్ను తిట్టుకుంటారు.

జెమిసిన్ తర్వాత ఇంకా పెద్ద పేరు తెచ్చుకున్నారు. ఉత్తమ నవలకిచ్చే హ్యూగో అవార్డుని 2016 నుంచి వరసగా మూడేళ్లు అందుకున్నారు. ఆ విభాగంలో గెలిచిన తొలి నల్లజాతి రచయిత ఆవిడే. అయినా హనానీ ఉన్న పుస్తకమంటేనే నాకు ఎక్కువ ఇష్టం. మొదటిది చదవకపోయినా రెండోది అర్థమవుతుంది. ఇంగ్లీషు కాస్త గట్టిదే, ఊళ్ల పేర్లూ మనుషుల పేర్లూ నోరు తిరగడానికి ఓ ముప్ఫై పేజీలు పడుతుంది. మధ్యాహ్నం వంటిల్లు సర్దుకున్నాక మొదలుపెట్టండి. పడుకోబోయే ముందు మాత్రం వద్దు.